సాయంత్రం బొమ్మ

కంటికి కట్టు విప్పించుకుని ఆస్పత్రి నుంచి ఇంటికొచ్చిన పెద్దాయన, భార్య పెట్టిన కాఫీ చల్లారిపోతున్నా పట్టించుకోకుండా నేరుగా తన గదిలోకి పోయి గోడమీది బొమ్మ ముందు నిలబడ్డాడు. నిలబడ్డవాడు అలాగే ఉండిపోయాడు. కాసేపటికి మెల్లగా వెనక్కి తిరిగి, గుమ్మంలో ఎవరూ లేరని రూఢి చేసుకుని, తలుపు దగ్గరగా వేశాడు.

అది తన బొమ్మ కాదు.

అదే చట్రం, అదే కొలత, అదే మిల్లు వీధి. గుంపులుగా నడిచే జనం, వెనక పొగగొట్టం, ఆ పైన ఆకాశం. కానీ ఆయన బొమ్మలో ఆకాశం తేనె రంగులో ఉండేది. గోడలు వెచ్చగా ఉండేవి. పని దిగిన జనం ఇళ్ళకి పోతున్నారని చూడగానే తెలిసేది. అందుకే దానికి సాయంత్రం బొమ్మ అని పేరు పెట్టుకున్నాడు. భోజనమయ్యాక దాని ఎదురుగా కుర్చీ వేసుకుని ఓ కునుకు తీయనిదే ఆయనకి రోజు గడిచేది కాదు. మరి ఇప్పుడు ఈ గోడమీదున్నదేమిటి? బూడిదలో నీలిమందు కలిపినట్టున్న ఆకాశం, నీలం నీడలు, చలికి ముడుచుకుని నడుస్తున్న మనుషులు. చేయి తిరిగినవాడెవడో గీతకి గీత సరిపోయేలా నకలు దించాడు గానీ రంగు దగ్గర బోల్తా పడ్డాడు.

ఆ బోల్తా ఇంకెవరికీ కనబడకపోవచ్చు. పెద్దాయన కంటికి కనబడకుండా ఎక్కడికి పోతుంది? ఆ కన్ను సంగతి ఊరందరికీ తెలుసు.

ఊరంతా ఆయన్ని పెద్దాయన అనే పిలుస్తుంది గానీ, ఆయన ఈ ఊళ్ళో పుట్టినవాడు కాదు, ఈ దేశంలోనే పుట్టినవాడు కాదు. మీసాలు సరిగా రాని వయసులో, ఇక్కడి భాష ముక్క రాకుండా రైలు దిగాడు. దిగిన రోజే, తన భాష మాట్లాడేవాడొకడు ఎదురొచ్చి, "మనవాళ్ళే కదూ" అని భుజం మీద చెయ్యేసి, పెట్టె తాను మోస్తానని తీసుకుని, స్టేషను మలుపులో మాయమైపోయాడు. పెట్టెలో ఏముందో పెద్దాయన ఎప్పుడో మర్చిపోయాడు. భుజం మీద పడిన చెయ్యి మాత్రం మర్చిపోలేదు. పరాయివాడు దగ్గరికే రాడు, వాడికి భయపడేదేమిటి, భయపడాల్సింది మనవాడికే అని ఆయనకి అప్పుడే ఒక గట్టి అభిప్రాయం ఏర్పడింది. అది వయసుతో పాటు ముదిరింది కూడా.

భాష రాకపోయినా ఆయనకి కన్ను వచ్చు. మొదట్లో ఎవరిదో అద్దకం షెడ్డులో కూలికి కుదిరాడు. రెండు గుడ్డలు పక్కపక్కన పెట్టి ఒకటే రంగన్నారంతా. ఈ కుర్రాడు కాదని తలూపాడు. నవ్వారు. ఉత్తరపు కిటికీ దగ్గరికి తీసుకుపోయి ఆ వెలుతురులో చూశాక నవ్వడం మానేశారు. అక్కడి నుంచి పైకొచ్చి, సొంత మిల్లు పెట్టి, ముసలివాడయ్యేదాకా ఒకటే పద్ధతి. తన మిల్లులో అద్దిన ప్రతి రంగూ ఉత్తరపు కిటికీ కింద ఆయన ముందుకి రావాలి. సరుకు కొనే పార్టీ నమూనాగా పంపిన గుడ్డముక్క ఇటు, మిల్లులో అద్దిన ముక్క అటు. రెండూ కలిస్తే తన చిన్న కత్తెరతో అద్దిన ముక్కకి మూల కత్తిరిస్తాడు. మూల తెగని రంగు గేటు దాటకూడదు. అంతే.

బొమ్మల పిచ్చి కూడా ఆ కంటి వల్లే పట్టింది. కొత్తలో ఎవరూ పలకరించని ఊళ్ళో, టీ కొట్టు దగ్గర ఆయన గోళ్ళలో ఇంకిన నీలం చూసి, అది ఏ నీలమని సైగలతో అడిగినవాడు ఒక చిత్రకారుడు. ఆ ఒక్క పలకరింపుకి పెద్దాయన జీవితమంతా రుణపడ్డాడు. చేతిలో నాలుగు రాళ్ళు ఆడడం మొదలయ్యాక బొమ్మలు గీసేవాళ్ళకి రంగులిచ్చాడు, పని చేసుకోవడానికి షెడ్డు కట్టించాడు. మిల్లులోనే మందపాటి కాన్వాసు నేయించి, తనదని గుర్తుగా అంచులో ఒక ఆకుపచ్చ దారం వేయించి పంచిపెట్టాడు. ఇల్లంతా బొమ్మలే. వాటికోసం ఊళ్ళో ఇప్పుడొక హాలు కట్టారు, త్వరలో ప్రారంభం. అతిథులొస్తారని ఇంటికి వెల్ల వేయించారు. ఆ హడావిడి అయ్యాక మిల్లు కూతురి పేర రాసే కాగితాలు కూడా లాయరు దగ్గర సిద్ధంగా ఉన్నాయి.

ఒక్కగానొక్క కూతురు. మిల్లు వ్యవహారం చాలా ఏళ్ళుగా తనే చూస్తోంది. పెద్దాయన ఆస్పత్రిలో ఉన్నప్పుడు గోడల మీంచి బొమ్మలు దింపించి, వెల్ల వేయించి, మళ్ళీ తగిలించింది కూడా తనే.

ఆ మాట గుర్తుకు రాగానే పెద్దాయన కుర్చీలో కూలబడ్డాడు.

"ఏవండీ, కాఫీ మళ్ళీ వెచ్చబెట్టనా?" అంటూ భార్య తలుపు తోసుకుని వచ్చింది.

"ఈ బొమ్మ ఎవరు తగిలించారు?"

"అమ్మాయే దగ్గరుండి తగిలించింది. ఏం, వంకరగా ఉందా?"

"వంకరేం లేదు. నీకేమైనా తేడా కనబడుతోందా ఇందులో?"

ఆవిడ కళ్ళజోడు సర్దుకుని చూసింది. "దుమ్ము దులిపారు. పొద్దుటి బొమ్మ, పొద్దుటి బొమ్మలాగే ఉంది."

"ఇది సాయంత్రం బొమ్మ," అన్నాడు పెద్దాయన.

"మీకు సాయంత్రం. అలాగే కానివ్వండి," అని ఆవిడ కాఫీ గ్లాసు తీసుకుని వెళ్ళిపోయింది.

ఇన్నేళ్ళలో ఏనాడూ ఆ బొమ్మని పొద్దుటి బొమ్మ అనని మనిషి ఇవాళ ఎందుకంది? అంటే ఈవిడకీ తెలుసన్నమాట. తల్లీకూతుళ్ళు ముందే కూడబలుక్కున్నారన్నమాట. నిజానికి ఆవిడ ఆ మాట ఇంతకుముందు ఎన్నోసార్లు అంది. ఆయన వినిపించుకున్నది ఇదే మొదటిసారి.

మర్నాడు ఇంట్లో ఎవరూ లేని సమయం చూసి, బొమ్మని దింపి బోర్లా తిప్పాడు. వెనక గుడ్డ చేత్తో తడిమాడు. తన మిల్లు నేతే. అంచులో ఆకుపచ్చ దారం కూడా చెక్కుచెదరకుండా ఉంది. ఇంకొకడైతే ఆ దారం చూసి, అనవసరంగా అనుమానించానని లెంపలేసుకుని బొమ్మ మళ్ళీ తగిలించేవాడు. పెద్దాయనకి ఆ దారమే ఉరితాడులా కనబడింది. బయటి దొంగకి ఈ కాన్వాసు ఎక్కడ దొరుకుతుంది? మిల్లు గిడ్డంగి తాళాలు ఎవరి దగ్గరున్నాయి?

మిగిలిన గదులు కూడా తిరిగి చూశాడు. మెట్ల దగ్గరి పూల బొమ్మలో తెలుపు మరీ తెల్లగా ఉంది. ముందుగదిలో ముసలామె బొమ్మకి బుగ్గలు పాలిపోయాయి. ఒకటి కాదు, అన్నీ మార్చేశారు. ఇల్లంతా తెల్లగా మెరిసిపోతోందంటే సరే, కొత్త వెల్ల. భార్య జుట్టు మరీ తెల్లబడిందంటే సరే, వయసు. బొమ్మలకి వయసేమిటి, వెల్లేమిటి? కన్ను మారింది కదా అన్న ఊహ ఆయన దరిదాపులకి కూడా రాలేదు. డాక్టరు శుక్లం తీసి స్పష్టంగా కనబడుతుందన్నాడు, స్పష్టంగానే కనబడుతోంది. రంగు విషయంలో తన కన్ను తప్పు చెప్పడమన్నది ఆయన బుర్రకి ఎక్కే మాట కాదు. పొద్దు పడమట పొడిచిందన్నా నమ్మేవాడేమో గానీ అది నమ్మడు.

భోజనాల దగ్గర కూతుర్ని ఓరకంట చూస్తూ కూపీ లాగడం మొదలుపెట్టాడు.

"బొమ్మలు దింపినప్పుడు ఎక్కడ పెట్టించావమ్మా?"

"మిల్లులో నాన్నా. మీరు రంగులు చూసే షేడ్ గదిలో. ఇక్కడైతే సున్నం చిందుతుందని."

"ఎవరెవరున్నారు అక్కడ?"

"నేనూ, అద్దకం మేస్త్రీ. ఎందుకు?"

"ఊరికే," అన్నాడు. కూతురు గ్లాసు అందుకునేటప్పుడు చెయ్యి వణికిందేమోనని చూశాడు. వణకలేదు. ఎంత గుండె నిబ్బరం దీనికి అనుకున్నాడు.

"కన్ను ఒకటే మార్చారు. అనుమానం మాత్రం రెండు కళ్ళకీ వచ్చినట్టుంది," అంది భార్య కూర వడ్డిస్తూ. కూతురు నవ్వింది. ఆ నవ్వు కూడా పెద్దాయనకి నచ్చలేదు.

తరవాతి రోజు డాక్టరు చెప్పిన నల్లకళ్ళద్దాలు పెట్టుకుని, చెప్పాపెట్టకుండా మిల్లుకి పోయి, నేరుగా షేడ్ గదిలో అడుగుపెట్టాడు. కూతురు నేత షెడ్డులో ఉంది. అద్దకం మేస్త్రి ఆయన్ని చూడగానే తేలు కుట్టిన దొంగలా లేచి నిలబడ్డాడు. ఆయనతో పాటే జుట్టు నెరిసిన మనిషి.

"అయ్యగారూ, మీరు ఇంకా విశ్రాంతి తీసుకోవాలి కదా. కబురు పెడితే నేనే వచ్చేవాణ్ణి."

"నా మిల్లుకి రావడానికి కబురేమిట్రా? ఆ బీరువా తియ్యి."

"అందులో ఏం లేవండి. పాత చెత్త."

"చెత్తకి తాళమెందుకు?"

పెద్దాయన చెయ్యి చాచి కదలకుండా నిలబడ్డాడు. తాళంచెవి చేతిలో పడక తప్పలేదు.

బీరువా నిండా గుడ్డముక్కల కట్టలు. కట్టకి కట్టగా పైన పార్టీ ముక్క, దాని కింద మిల్లులో అద్దిన ముక్క. నల్లకళ్ళద్దాలు తీసి, కిటికీ దగ్గరికి తీసుకుపోయి చూశాడు. బూడిద రంగు అడిగిన పార్టీకి నీలం అద్ది ఉంది. మీగడ రంగుకి సున్నం లాంటి తెలుపు. ఒక్కటంటే ఒక్కటి కలవడం లేదు. గుడ్డివాడు కూడా పాస్ చెయ్యని రంగులు. వాటన్నిటికీ మూల తెగి ఉంది. ఏటవాలుగా, ఆయన కత్తెర కోసినట్టే.

ఇప్పుడంతా అర్థమైందనుకున్నాడు. బొమ్మలొక్కటే కాదు. తన కత్తెర కోత కూడా దొంగిలించారు. ఈ దిక్కుమాలిన రంగులన్నీ పెద్దాయనే పాస్ చేశాడని, ముసలాయనకి మతి పోయిందని రేపు నలుగురిలో చూపించడానికి సాక్ష్యం తయారుచేసి పెట్టుకున్నారు. మిల్లు ఎలాగూ రాసిస్తున్నాడు కదా, మరి ఇదంతా ఎందుకని తనకు తనే అడ్డు ప్రశ్న వేసుకున్నాడు గానీ, జవాబు కోసం ఆగలేదు. అక్కడి ఫోనులోంచే లాయరుకి చెప్పి కాగితాలు ఆపించాడు. ఆపైన మేస్త్రిని పంపి కూతుర్ని పిలిపించాడు.

ఆమె వచ్చేసరికి ముక్కలన్నీ కిటికీ కింద బల్లమీద పరిచి ఉన్నాయి.

"ఇవి ఎవరు పాస్ చేశారు?"

కూతురు ముక్కల వైపు చూసింది, మేస్త్రి వైపు చూసింది. "మీరే, నాన్నా."

"నేనా? ఈ నీలాన్ని బూడిదని చెప్పి నేను మూల కత్తిరించానా? నా ఎదురుగా నిలబడి అంటున్నావా ఆ మాట?" ఆయన గొంతు పెరిగింది. "బొమ్మలు ఎవరికమ్మావు?"

"ఏం బొమ్మలు?"

"సాయంత్రం బొమ్మ. పూల బొమ్మ. అన్నీను. ఇక్కడే కదా పెట్టించావు, మీ ఇద్దరే కదా ఉన్నారు. నకళ్ళు దించింది ఎవరు? నా కాన్వాసు మీదే దించితే కనిపెట్టలేననుకున్నావా?"

కూతురు మొహంలో రంగు పోయింది. తరవాత బల్లమీంచి రెండు ముక్కలు తీసి ఆయన కళ్ళెదుట పెట్టింది.

"ఇవి వేరు వేరు రంగులా?"

"కనబడ్డం లేదూ?"

"కొత్త కన్ను అరచేత్తో కప్పుకోండి. నొక్కకండి, కప్పండి అంతే. పాత కంటితో చూడండి."

"నాకు పాఠాలు చెప్పకు."

"ఒక్కసారి కప్పండి నాన్నా. తరవాత నన్ను ఏమన్నా అనండి."

పెద్దాయన విసురుగా చెయ్యి పైకెత్తి కన్ను కప్పాడు. ముక్కలు మసకబారాయి. మసకలో రెండూ ఒకటే రంగయ్యాయి. చెయ్యి తీశాడు. ఒకటి బూడిద, ఒకటి నీలం. మళ్ళీ కప్పాడు. రెండూ ఒకటే, తేడా లేదు, తాను మూల కత్తిరించి ఉండేవాడే. కిటికీ వైపు తిరిగి ఆకాశాన్ని చూశాడు. కప్పితే తేనె రంగు. తీస్తే నీలం. చంటిపిల్లాడి దోబూచులాటలా ఎన్నిసార్లు కప్పి తీశాడో ఆయనకే తెలీదు. చివరికి చెయ్యి దానంతటదే కిందికి జారింది.

"ఎప్పట్నించి?" అన్నాడు.

"సరుకు మొదటిసారి తిరిగొచ్చినప్పుడు తెలిసింది," అంది కూతురు. "రంగు కలవలేదని పంపేశారు. మీరేమో పార్టీవాడికి కళ్ళు లేవన్నారు. డాక్టరుకి చూపిద్దామంటే ఒంటికాలి మీద లేచారు. అప్పట్నించి రెండు ముక్కలు అద్దుతున్నాం. మీరు మూల కత్తిరించింది బీరువాలోకి పోతుంది. పార్టీకి కావలసింది పార్టీకి పోతుంది."

"ఇన్నాళ్ళూ నాతో ఆటలాడారన్నమాట. ఒక్కళ్ళు, ఒక్కళ్ళు చెప్పలేదే నాకు."

"చెబితే మీరు తట్టుకుంటారా? కన్ను తప్పితే మీకింకేముంది నాన్నా?" ఆమె గొంతు వణికింది, ఇప్పుడు. "చూపు పూర్తిగా మందగించి మీకై మీరు ఆపరేషనుకి ఒప్పుకునేదాకా కాచుకున్నాం. బొమ్మలు అవే. వాటి రంగే అది."

మేస్త్రి గోడకి అతుక్కుపోయి కాళ్ళ వైపు చూసుకుంటున్నాడు. కూతురు సంచిలోంచి తాళాల గుత్తి తీసి బల్లమీద పెట్టింది.

"లాయరుగారు ఇప్పుడే ఫోన్ చేశారు. కాగితాలు ఆపమన్నారటగా. మంచిది. రంగు తప్పు కనబడిందంటే కంట్లో పొర ఉంది. నేను మీకు దొంగలా కనబడ్డానే, దానికి ఏం పొర ఉందనుకోను?"

"అమ్మలూ," అన్నాడాయన.

"పిన్ని వాళ్ళింట్లో ఉంటాను," అని వెళ్ళిపోయింది. తలుపు విసిరి వేయలేదు. మామూలుగా దగ్గరికి లాగి వెళ్ళింది. అది ఇంకా బాధగా ఉంది.

తలుపు మూసుకోవడంతో దాని వెనకున్న గోడ బయటపడింది. అక్కడ ఒక పెద్ద చట్రం గోడ వైపు తిప్పి ఆనించి ఉంది. వెనక కాన్వాసు, అంచులో ఆకుపచ్చ దారం. పెద్దాయన లేచి దాన్ని తిప్పాడు.

నీలం. అద్దకం తొట్టి చుట్టూ నిలబడ్డ ఆడవాళ్ళు, మోచేతులదాకా నీళ్ళలో ముంచిన చేతులు. ఒక నీలం కాదు. తొట్టి లోతులో నల్లబడిన నీలం, పైకి తేలిన నురగ మీద లేత నీలం, చేతుల మీదికి పాకిన నీలం, ఆరేసిన గుడ్డల్లో గాలికి పలచబడిన నీలం. గోళ్ళలో ఇంకిన నీలం కూడా వదిలిపెట్టలేదు. పెద్దాయన జీవితంలో మొదటిసారి చూస్తున్నట్టు చూశాడు. కానీ మొదటిసారి కాదు.

సాయంత్రం బొమ్మ గీసినావిడే ఇదీ గీసింది. షెడ్డులో ఎన్నో ఏళ్ళు పనిచేసిన మనిషి, తన చేతుల మీదుగా పైకొచ్చిన మనిషి. ప్రదర్శనలో అందరూ చూస్తూండగా ఈ బొమ్మ ముందు నిలబడి ఆయన అన్న మాటలు ఇప్పుడు పొల్లుపోకుండా గుర్తొచ్చాయి. మేలైన నీలం ఇప్పిస్తే ఎవరికో అమ్ముకుని, దీనిమీద బురద పూసి తెచ్చావా అన్నాడు. ఆవిడ ఒక్క మాట మాట్లాడలేదు. మర్నాడు షెడ్డు ఖాళీ చేసి పోయింది. దొంగ కాకపోతే మాట్లాడి ఉండేదని ఆయన అప్పట్లో చాలామందికి చెప్పాడు.

"ఇది ఇక్కడికెలా వచ్చింది?"

"అమ్మాయిగారు కొనుక్కున్నారండి," అన్నాడు మేస్త్రి. "మీ కంట పడకూడదని అలా తిప్పి పెట్టారు."

"ఆ రోజు నువ్వూ ఉన్నావు కదరా అక్కడ. నీకు నీలంగా కనబడలేదూ?"

"కనబడిందండి."

"మరి నోరెత్తలేదేం?"

"మీరు బురదన్నాక ఇంక ఎవరు ఎత్తుతారండీ?" అన్నాడు మేస్త్రి. అందులో ఎత్తిపొడుపేమీ లేదు.

పెద్దాయనకి సిగ్గేసింది. కోపం రావడం, భయం వేయడం ఆయనకి అలవాటే గానీ, ఈ వయసులో సిగ్గు కొత్త. స్టేషనులో పెట్టె ఎత్తుకుపోయినవాడికి వేయాల్సిన శిక్షని తాను ఇన్నేళ్ళుగా ఎవరెవరికి వేస్తూ వచ్చాడో ఆలోచించడానికి కూడా ధైర్యం చాలలేదు.

ఇంట్లో భార్య వంట చెయ్యలేదు. చెల్లెలింటి నుంచి ఫోన్ వచ్చినట్టుంది, కళ్ళు ఉబ్బి ఉన్నాయి. "దాన్ని అలా ఎలా అనగలిగారండీ?" అని ఒక్కసారే అంది. సాయంత్రం బొమ్మ పొద్దుటిదని నీకెలా తెలుసని ఆయన అడిగాడు.

"ఇచ్చిన రోజున ఆవిడే చెప్పింది. జనం పనికెళ్ళే వేళ గీశానంది. మీరేమో సాయంత్రమన్నారు. మీతో వాదించి గెలిచినవాళ్ళెవరు?"

రెండో కంటికి ఆపరేషను ఆ వారంలోనే ఉంది. ముందు చక్కబెట్టాల్సిన పని ఒకటుందని ఆయన డాక్టరుకి ఫోన్ చేసి కొద్దిరోజులు ఆగమన్నాడు. పొద్దున్నే మరదలి ఇంటికి పోయి, లోపలికి రమ్మన్నా పోకుండా గేటు దగ్గరే నిలబడి కూతుర్ని పిలిపించుకున్నాడు.

"ఇంటికి రమ్మనడానికి రాలేదమ్మా. ఆ మాట అడిగే మొహం నాకు లేదు. నాతో ఒకచోటికి రావాలి. నువ్వు కొన్న ఆ నీలం బొమ్మ కూడా తేవాలి. ఆవిడ అడ్రసు నీ దగ్గరే ఉంటుందనుకుంటాను."

ఆమె చెప్పులేసుకుంది.

చిత్రకారిణి బడి వెనక చిన్న వాటాలో ఉంటోంది. పిల్లలకి డ్రాయింగ్ చెబుతుందట. వేళ్ళకి సుద్దముక్క పొడి అంటుకుని ఉంది. ఆయన్ని చూసి గుమ్మంలోనే ఆగిపోయింది. కూతురు బొమ్మ తెచ్చి వరండా గోడకి ఆనించింది. వెలుతురు సూటిగా దానిమీద పడింది.

దారి పొడుగునా కూడబెట్టుకున్న మాటలన్నీ పెద్దాయన నోటిదాకా వచ్చి ఆగిపోయాయి. "అమ్మా, నా కంట్లో..." అన్నాడు.

"తెలుసండి. ఆపరేషనని అమ్మాయి చెప్పింది," అంది ఆవిడ. "క్షమాపణలు తరవాత చెబుదురు గాని. ముందు నాకొకటి కావాలి. ఆ రోజు మీకు ఇందులో ఏం కనబడింది?"

ఆయన కొత్త కన్ను కప్పుకుని బొమ్మ వైపు తిరిగాడు.

"మట్టి నీళ్ళు," అన్నాడు. "చేతులు బురదలో ఉన్నట్టున్నాయి."

"ఇక్కడ?" ఆవిడ తొట్టి లోతు మీద వేలు పెట్టింది.

"నలుపు."

"ఇక్కడ?"

"అదీ నలుపే."

"ఈ ఆరేసిన గుడ్డలు?"

"మాసిన గుడ్డలు. గోధుమ రంగు."

ఆవిడ అడుగుతూ పోయింది, ఆయన దాచకుండా చెబుతూ పోయాడు. అన్నీ అయ్యాక ఆవిడ మెట్టు మీద కూర్చుంది. "అయితే మీరు అబద్ధమాడలేదన్నమాట," అంది మెల్లగా. "దొంగతనం అంటగట్టినందుకు ఏడ్చానండి. కానీ బొమ్మలు మానేసింది అందుక్కాదు. రంగు విషయంలో మీ మాటకి తిరుగుండేది కాదు. మీరు బురదన్నారంటే బురదే అయ్యుంటుంది, నా కళ్ళే నన్ను మోసం చేస్తున్నాయి అనుకున్నాను. ఆ తరవాత ఏ రంగు కలిపినా నాకు నమ్మకం కుదరలేదు."

పెద్దాయన చెయ్యి తీసేశాడు. కొత్త కంటికి ఆ నీలమంతా ఒక్కసారి కనబడింది. ఆయన ఏడ్చాడు, వరండాలో, బడి పిల్లలు కిటికీలోంచి చూస్తూండగా. కన్ను తడవకూడదన్న డాక్టరు మాట గుర్తొచ్చి కూతురు గబగబా రుమాలు తీసి అద్దింది. ఆవిడ లోపలికెళ్ళి ముగ్గురికీ టీ తెచ్చింది. హాలు ప్రారంభానికి రమ్మంటే చూద్దామంది. బొమ్మ హాల్లో పెట్టడానికి ఇమ్మంటే అది అమ్మాయిది, అమ్మాయినడగండి అంది.

తిరిగొచ్చి ఇంటి ముందు కారు దిగేటప్పుడు ఆయన అన్నాడు. "లాయరుకి నిన్ననే మళ్ళీ చెప్పాను. నువ్వొచ్చినా రాకపోయినా కాగితాలు నీ పేరే. కానీ ఇకమీదట నాకు రెండు ముక్కలు అద్దకు. నిజం చెప్పు. తట్టుకుంటానో లేదో నేను చూసుకుంటాను."

"చూద్దాం నాన్నా," అని ఆమె కారు తిప్పుకుని పిన్ని ఇంటికే పోయింది.

రెండో ఆపరేషను రోజున పెద్దాయన పొద్దున్నే లేచి తయారయ్యాడు. ఆస్పత్రికి భార్య తోడొస్తోంది. బయల్దేరే ముందు తన గదిలోకి పోయి, కొత్త కన్ను కప్పుకుని, బొమ్మ ముందు నిలబడ్డాడు. ఇంకో గంటలో ఈ పాత కన్ను ఉండదు. తేనె రంగు ఆకాశం కింద జనం నింపాదిగా నడుస్తున్నారు. రైలు దిగిన రోజు నుంచీ ఆయన చూడాలనుకున్నది అదే. అందరికీ ఒక ఇల్లుండడం, పొద్దువాలాక అక్కడికి పోవడం.

వెనక అడుగుల చప్పుడైంది. కూతురు. చేతిలో పిన్ని ఇంటికి తీసుకుపోయిన సంచి.

"ఏం చూస్తున్నారు నాన్నా?"

"అందరూ ఇళ్ళకి పోతున్నారమ్మా."

ఇన్నేళ్ళూ ఆమె ఆ మాటకి తలూపింది. ఇవాళ ఊపలేదు. సంచి కుర్చీలో పెట్టి ఆయన పక్కకొచ్చి నిలబడింది.

"అది పొద్దున, నాన్నా. పనికెళ్తున్నారు."

ఆయన చెయ్యి దించలేదు. "ఊఁ," అన్నాడు.

బొమ్మ కింద బల్లమీద, ఆయన మిల్లు నుంచి తెచ్చి పెట్టిన తాళాల గుత్తి అలాగే ఉంది. కూతురు దాన్ని తీసుకుంది.

"పార్టీ ముక్కలొచ్చాయట, మేస్త్రి కాచుకుని ఉంటాడు," అంది. "నేనూ వెళ్ళొస్తాను."